గాలి పెట్టే ముహూర్తం: తెరచాప పడవలో భూప్రదక్షిణ ఎందుకు తేదీల లెక్క అవుతుంది

2017 సెప్టెంబర్ 10న గోవా నుంచి ఐఎన్ఎస్‌వీ తారిణి అనే తెరచాప నౌక భూప్రదక్షిణకు బయల్దేరింది. అందులో ఉన్నవారు ఆరుగురూ భారత నౌకాదళానికి చెందిన మహిళా అధికారులు. వర్తికా జోషి నాయకత్వం వహించిన ఆ బృందంలో విశాఖపట్నానికి చెందిన పి. స్వాతి, హైదరాబాద్‌కు చెందిన బొడ్డపాటి ఐశ్వర్య తెలుగువారు. 2018 మే 21న వాళ్లు అదే గోవాకు తిరిగి చేరుకున్నారు. 254 రోజుల ఆ ప్రయాణాన్ని, వాళ్ల ధైర్యాన్ని పత్రికలు మెచ్చుకున్నాయి, అది న్యాయమే. బయల్దేరిన తేదీకి, తిరిగొచ్చిన తేదీకి మాత్రం అంత ప్రాధాన్యం దక్కలేదు. సెప్టెంబర్‌లోనే ఎందుకు బయల్దేరాలి, మే నెల దాటకుండా ఎందుకు తిరిగి రావాలి, పడమరగా కాకుండా తూర్పుగానే ఎందుకు వెళ్లాలి అన్న మూడు ప్రశ్నలకు జవాబు తెలిస్తే తెరచాప ప్రయాణం స్వరూపం సగానికి పైగా అర్థమైనట్టే. మనం సాహసమని పిలిచేదానిలో పెద్ద భాగం లంగరు ఎత్తకముందే, సముద్ర పటాన్నీ కేలండర్‌నూ పక్కపక్కన పరుచుకుని చేసే లెక్క. ఆ లెక్క తప్పితే తర్వాత ఎంత ధైర్యం చూపినా దిద్దుకోవడం కష్టం.

ముందుగా భూమిని చుట్టిరావడం అంటే ఏమిటో తేల్చుకోవాలి. ధ్రువానికి దగ్గరగా వెళ్లి చిన్న వలయం తిరిగినా అన్ని రేఖాంశాలూ దాటినట్టే అవుతుంది కాబట్టి, కేవలం రేఖాంశాల లెక్క సరిపోదు. దక్షిణాన 50వ అక్షాంశం మీద తిరిగితే చుట్టుకొలత సుమారు 13,900 నాటికల్ మైళ్లే. భూమధ్యరేఖ మీద అది 21,600. అందువల్ల నావికులు కొన్ని షరతులను ప్రమాణంగా పెట్టుకున్నారు. బయల్దేరిన రేవుకే తిరిగి రావాలి, అన్ని రేఖాంశాలనూ దాటాలి, భూమధ్యరేఖను కనీసం రెండుసార్లు దాటాలి, ప్రయాణించిన దూరం 21,600 నాటికల్ మైళ్లకు, అంటే దాదాపు 40 వేల కిలోమీటర్లకు తగ్గకూడదు, సూయజ్, పనామా వంటి కాలువలు వాడకూడదు. ఈ కాలువల నిషేధమే అసలు చిక్కు. కాలువలు లేకపోతే ఆఫ్రికా, ఆస్ట్రేలియా, దక్షిణ అమెరికా ఖండాల కింది నుంచి, అంటే గుడ్ హోప్, లీవిన్, హార్న్ అనే మూడు అగ్రాలను చుట్టి వెళ్లాలి. దక్షిణ అమెరికా కొన దాదాపు 56వ అక్షాంశం దాకా దిగి ఉంటుంది కాబట్టి, దారి మొత్తంలో ఆ ఒక్క మలుపు కోసం ప్రయాణికుడు అంటార్కిటికా పొరుగుకు వెళ్లక తప్పదు.

గాలికి ఎదురు వెళ్లడం సాధ్యమే, కానీ

తెరచాప గాలిని పట్టుకుంటే పడవ ముందుకు కదులుతుందన్నది వెనుక నుంచి గాలి వీచినప్పటి మాట. పక్క నుంచీ, కొంతవరకు ముందు నుంచీ వీచే గాలితో కూడా పడవ ముందుకు వెళ్లగలదు. అప్పుడు వంపు తిరిగిన తెరచాప విమానం రెక్కలా పనిచేస్తుంది. దాని రెండు వైపులా గాలి వేర్వేరు వేగాలతో పారడం వల్ల పీడనంలో తేడా వచ్చి, తెరచాపను ఒక పక్కకు లాగే బలం పుడుతుంది. ఆ బలంలో ఎక్కువ పాలు పడవను పక్కకు తోస్తుంది, కొద్ది పాలు మాత్రమే ముందుకు. పక్కకు పోకుండా ఆపేది పడవ అడుగున నీళ్లలోకి దిగి ఉండే కీల్. సీసమో ఇనుమో దట్టించిన ఆ బరువైన పలక పడవ తలకిందులు కాకుండా నిలుపుతుంది, నీటిని అడ్డుకుని పక్కకు జారనివ్వదు. మిగిలిన ముందుకు లాగే బలంతో పడవ నడుస్తుంది.

అయితే ఏ పడవా గాలి వచ్చే దిక్కుకు సూటిగా వెళ్లలేదు. ఈ కాలపు మంచి పడవ గాలికి 45 డిగ్రీల కోణం దాకా వెళ్లగలదు. అడ్డకొయ్యలకు చతురస్రపు తెరచాపలు కట్టిన పాతకాలపు పెద్ద ఓడలకు అది కూడా సాధ్యమయ్యేది కాదు. గాలి వచ్చే దిక్కునే గమ్యం ఉంటే కొంత దూరం కుడికి, కొంత దూరం ఎడమకు మెలికలు తిరుగుతూ పోవాలి. అలా 100 మైళ్ల దూరం దాదాపు 140 మైళ్లవుతుంది. ఆ పైన అలలన్నీ ముక్కు మీదే పగులుతాయి, పడవ వేగం పడిపోతుంది, తాళ్లూ కొక్కేలూ తెరచాప కొయ్యలూ నిలువునా అదిరిపోతాయి, లోపల ఉన్నవాళ్లకు వంట చేసుకోవడం కూడా గగనమవుతుంది. ఒకటి రెండు రోజులైతే ఓర్చుకోవచ్చు గాని నెలల తరబడి అలా వెళ్లడం పడవకు గాని మనిషికి గాని తట్టుకునే పని కాదు. అందుకే తెరచాప దారి సరళరేఖ కాదు. ఏ అక్షాంశంలో ఏ గాలి ఎప్పుడు వీస్తుందో చూసుకుని గీసిన వంపుల గీత.

ఆ గాలుల పట్టీ మనం బడిలో చదువుకున్నదే. భూమధ్యరేఖ చుట్టూ గాలి ఆడని ప్రశాంత మండలం ఉంటుంది. తెరచాప నావికులు తుఫాను కన్నా దీన్ని ఎక్కువగా విసుక్కుంటారంటే ఆశ్చర్యం లేదు, ఎందుకంటే తుఫాను మూడు రోజుల్లో పోతుంది, ఇక్కడ వారాల తరబడి నీళ్ల మీద నిలబడిపోవచ్చు. దానికి ఉత్తరాన ఈశాన్యం నుంచి, దక్షిణాన ఆగ్నేయం నుంచి వ్యాపార పవనాలు దాదాపు ఏడాది పొడవునా వీస్తాయి. రెండు అర్ధగోళాల్లోనూ 35, 40 అక్షాంశాలు దాటాక గాలి దిక్కు మారి, పడమర నుంచి తూర్పుకు వీచే పశ్చిమ పవనాలు మొదలవుతాయి. హిందూ మహాసముద్రపు ఉత్తర భాగంలో మాత్రం ఈ పట్టీ చెదిరిపోయి, ఆరు నెలలకోసారి దిక్కు మార్చుకునే రుతుపవనాలు రాజ్యం చేస్తాయి.

ఈ పటం చూస్తే రెండే ప్రదక్షిణ మార్గాలు కనిపిస్తాయి. ఒకటి ఉష్ణమండలం గుండా, వ్యాపార పవనాలను వెనక వేసుకుని పడమరగా వెళ్లడం. ఒంటరిగా భూమిని చుట్టివచ్చిన మొదటి మనిషి జాషువా స్లోకమ్ ఎక్కువ భాగం అలాగే వెళ్లాడు. ఆయన 1895 ఏప్రిల్‌లో బోస్టన్ నుంచి బయల్దేరి 1898 జూన్‌లో తిరిగి చేరాడు. మొదట మధ్యధరా, సూయజ్ మీదుగా తూర్పుకు వెళ్దామనుకుని, జిబ్రాల్టర్‌లో సముద్రపు దొంగల సంగతి విని అట్లాంటిక్‌ను మళ్లీ అడ్డంగా దాటి పడమర పట్టడం ఆ ప్రయాణంలో ఒక తమాషా. మూడేళ్లు తీసుకున్న మనిషికి ముహూర్తంతో పని లేదు. కాలం బాగా లేకపోతే ఏ రేవులోనైనా ఆగిపోవచ్చు. ఆగకుండా, లేదా కొద్ది మజిలీలతో, ఒక్క ఏడాదిలోపు తిరిగి రావాలనుకునేవారికి మిగిలింది రెండో దారి: దక్షిణాదికి దిగి, పశ్చిమ పవనాలను వెనక వేసుకుని తూర్పుగా చుట్టి రావడం.

ఈ దారిని ఎదురు దిక్కులో పట్టబోయి భంగపడినవారిలో ఎక్కువ మందికి తెలిసిన పేరు విలియం బ్లై. తాహితీ దీవికి పంపిన బౌంటీ నౌకకు ఆయన అధిపతి. బ్రిటిష్ నౌకా శాఖ నుంచి ఉత్తర్వులు ఆలస్యంగా అందడం వల్ల 1787 డిసెంబర్ చివర్లో గాని బయల్దేరలేకపోయాడు. హార్న్ అగ్రం దగ్గరకు చేరేసరికి 1788 మార్చి గడిచిపోతోంది, దక్షిణార్ధగోళంలో చలికాలం తరుముకొస్తోంది. దాదాపు నెల రోజులు పశ్చిమ గాలితో పెనుగులాడి, ఏప్రిల్‌లో ఓడ ముఖం తూర్పుకు తిప్పి, గుడ్ హోప్ మీదుగా భూగోళానికి అవతలి వైపు నుంచి తాహితీ చేరాడు. లండన్‌లో ఒక కాగితం మీద సంతకం కొన్ని వారాలు ఆలస్యమైతే దాని వెల సముద్రం మీద వేల మైళ్లు.

నలభైల కింద ఏం జరుగుతుంది

దక్షిణాన 40వ అక్షాంశం దాటిన ప్రాంతాన్ని ఆంగ్ల నావికులు ‘గర్జించే నలభైలు’ అంటారు. ఉత్తరార్ధగోళంలో అదే అక్షాంశంలో పశ్చిమ పవనాలకు ఖండాలూ కొండలూ అడ్డం వస్తాయి. దక్షిణాన అలాంటి అడ్డు దాదాపు లేదు; దక్షిణ అమెరికా కొన, న్యూజిలాండ్, టాస్మానియా తప్పిస్తే గాలి భూమి చుట్టూ నీళ్ల మీదే తిరుగుతుంది. గాలి ఎంత దూరం ఒకే నీటి మీద వీస్తే అల అంత పెరుగుతుంది కాబట్టి అక్కడి అలలకు పెరిగే చోటు అనంతం. ఆ అలలన్నీ హార్న్ అగ్రం దగ్గర, అంటార్కిటికాకు దక్షిణ అమెరికాకు మధ్య సుమారు 800 కిలోమీటర్ల వెడల్పున్న డ్రేక్ జలసంధిలోకి ఇరుకుగా తోసుకువస్తాయి. అక్కడ సముద్రపు అడుగు కూడా పైకి లేస్తుంది. ఆ అగ్రానికి ఉన్న చెడ్డపేరు ఊరికే వచ్చింది కాదు.

గాలి బలంగా ఉండటమే ప్రమాదమని పైనుంచి చూసేవాళ్లు అనుకుంటారు. నావికుల మాట వేరు: గాలి దిక్కు మారడం అసలు ప్రమాదం. అక్కడి వాయుగుండాలు పడమర నుంచి తూర్పుకు పరుగెత్తుతాయి, చిన్న పడవలకన్నా చాలా వేగంగా. అందువల్ల పడవ వాటిని తప్పించుకోలేదు; ఒకదాని తర్వాత ఒకటి వెనక నుంచి వచ్చి దాటిపోతుంటే ఓర్చుకోవాలి. దక్షిణార్ధగోళంలో వాయుగుండం చుట్టూ గాలి గడియారపు ముల్లు దిక్కున తిరుగుతుంది. గుండం కేంద్రం సాధారణంగా పడవకు దక్షిణంగా పోతుంది కాబట్టి మొదట వాయవ్యం నుంచి వెచ్చని తడిగాలి మొదలవుతుంది. భారమితి (గాలి పీడనం చూపే పరికరం) పడిపోతుంటుంది, ముసురు పడుతుంది, వాయవ్యపు అలలు గంట గంటకూ పెరుగుతాయి. ఆ తర్వాత శీతల వాతాగ్రం, అంటే చల్లగాలి ముందు అంచు, దాటగానే, కొన్నిసార్లు నిమిషాల్లోనే, గాలి నైరుతికి తిరుగుతుంది. చలి కొడుతుంది, ఆకాశం తేటపడుతుంది. కొత్తవాడు గండం గడిచిందనుకునేది సరిగ్గా ఆ సమయంలోనే. వాయవ్యపు పాత అలలు ఇంకా చావలేదు, నైరుతి నుంచి కొత్త అలలు పుట్టుకొస్తున్నాయి. రెండూ కోసుకున్న చోట నీరు గోపురంలా లేచి, ఏ వైపు విరుగుతుందో తెలియకుండా విరుగుతుంది. పడవలు బోల్తా పడేది ఎక్కువగా ఆ గంటల్లోనే.

ఒంటరి ప్రయాణికుడికి ఇందులో ఇంకో చిక్కు ఉంది. అతడు నిద్రపోయేటప్పుడు పడవను నడిపేది వెనుక బిగించిన గాలి రెక్క. గాలి దిక్కును బట్టి ఆ చిన్న పలక వాలి, చుక్కానిని తిప్పి, పడవను గాలికి ఒకే కోణంలో ఉంచుతుంది. కరెంటు అక్కర్లేదు, గాలి ఎంత పెరిగితే అంత బలంగా పనిచేస్తుంది. కానీ దానికి దిక్సూచి తెలియదు; గాలి తిరిగితే పడవా తిరుగుతుంది. వాతాగ్రం దాటిన వేళ మనిషి నిద్రలో ఉంటే, లేచేసరికి పడవ తప్పు దిక్కుకు, అలలకు అడ్డంగా పోతూ ఉండవచ్చు. అందుకే ఓడలు తిరిగే దారుల్లో ఇరవై, ముప్పై నిమిషాలకోసారి లేచి చుట్టూ చూడటం అలవాటు చేసుకున్నవారు, ఓడలే లేని దక్షిణ సముద్రంలో కూడా గాఢంగా నిద్రపోలేరు.

పెను అలలు వెనక నుంచి తరుముతున్నప్పుడు ఏం చేయాలన్న దాని మీద నావికుల్లో ఇప్పటికీ ఏకాభిప్రాయం లేదు. పొడవాటి మోకులను పడవ వెనక నీళ్లలోకి వదిలి వేగం తగ్గించుకోవాలన్నది ఒక పద్ధతి. అలా చేస్తే పడవ అల మీద నుంచి జారి ముక్కు నీళ్లలో గుచ్చుకోకుండా ఉంటుంది. ఒంటరిగా, ఎక్కడా ఆగకుండా భూమిని మొదటిసారి చుట్టివచ్చిన బ్రిటన్ నావికుడు రాబిన్ నాక్స్-జాన్‌స్టన్ ఆ పద్ధతిని నమ్ముకున్నాడు. ఫ్రాన్స్‌కు చెందిన బెర్నార్డ్ మొయిటెస్సియే 1965-66లో తాహితీ నుంచి హార్న్ మీదుగా స్పెయిన్‌కు వస్తూ, ఆ మోకులే పడవను అల కింద నిస్సహాయంగా కట్టిపడేస్తున్నాయని గ్రహించి వాటిని కోసేశాడు. తర్వాత ప్రతి అలనూ కొద్దిగా ఏటవాలుగా తీసుకుంటూ స్వేచ్ఛగా పరుగెత్తాడు. నా ఉద్దేశంలో ఇద్దరూ తమ తమ పడవలకు సరైన పనే చేశారు: ఒకరిది నింపాదిగా కదిలే బరువైన చెక్క పడవ, మరొకరిది చుక్కానికి చురుగ్గా బదులిచ్చే 39 అడుగుల ఉక్కు పడవ.

ఈ సముద్రం ఏడాదిలో ఎప్పుడూ శాంతంగా ఉండదు. కానీ డిసెంబర్ నుంచి ఫిబ్రవరి దాకా, అక్కడి వేసవిలో, తుఫానుల తాకిడి కొంత తగ్గుతుంది, పగలు ఎక్కువసేపు ఉంటుంది, చలికి చేతివేళ్లు కొయ్యబారిపోకుండా తాళ్లు పట్టుకోగలుగుతారు. హార్న్ దాటడానికి ఆ మూడు నెలలే సందు. మిగతా తేదీలన్నీ దాన్నుంచి వెనక్కి లెక్కగట్టినవే.

పడవ పొడవు తేదీని మారుస్తుంది

సాధారణ పడవకు దాని పొడవును బట్టి వేగానికి ఒక పరిమితి ఉంటుంది. పడవ కదులుతుంటే ముందు ఒక అల లేస్తుంది. వేగం పెరిగేకొద్దీ ఆ అల పొడవు పెరుగుతుంది. అల పొడవు పడవ పొడవుతో సమానమైనప్పుడు పడవ తాను పుట్టించిన అల మధ్య గుంటలో కూరుకుపోతుంది, ఆ పైన గాలి ఎంత వీచినా వేగం పెద్దగా పెరగదు. పొడవైన పడవకు ఆ పరిమితి ఎక్కువ. బొంబాయిలో టేకుతో కట్టిన 32 అడుగుల సుహైలీలో నాక్స్-జాన్‌స్టన్ సుమారు 30 వేల మైళ్లు తిరగడానికి 312 రోజులు పట్టింది. అంటే సగటు వేగం 4 నాట్లు (గంటకు 4 నాటికల్ మైళ్లు), మనం పరుగులాంటి నడక నడిచే వేగం. గోవాలో కట్టిన 56 అడుగుల మాదేయిలో అభిలాష్ టామీ 2012 నవంబర్ 1న ముంబై నుంచి ఒంటరిగా, ఎక్కడా ఆగకుండా బయల్దేరి 2013 మార్చి 31కల్లా ప్రదక్షిణ పూర్తిచేశాడు. దాదాపు 150 రోజులు. భారతీయుల్లో అలా ఆగకుండా చుట్టివచ్చిన మొదటివాడు ఆయనే. పెద్ద పడవ కాబట్టి నవంబర్‌లో బయల్దేరినా జనవరి చివరికల్లా హార్న్ దాటగలిగాడు. అంత వేగం లేనివాడు ఎప్పుడు బయల్దేరాలన్నది ఇక్కడి నుంచి చిక్కుముడిగా మారుతుంది, ఎందుకంటే నెమ్మదైన పడవ హార్న్‌ను వేసవిలో దాటాలంటే గుడ్ హోప్ కింది సముద్రంలోకి చలికాలం ముగియకముందే దిగాల్సి వస్తుంది. ఒక చివర సర్దితే మరో చివర బయటపడుతుంది.

1968లో లండన్‌కు చెందిన సండే టైమ్స్ పత్రిక ప్రకటించిన గోల్డెన్ గ్లోబ్ పోటీ ఈ చిక్కుముడినే నియమంగా మార్చింది. అప్పటికి ఒంటరిగా, ఆగకుండా ఎవరూ భూమిని చుట్టిరాలేదు. జూన్ 1కీ అక్టోబర్ 31కీ మధ్య ఎవరికి వీలైనప్పుడు వాళ్లు బయల్దేరవచ్చు. ముందుగా తిరిగొచ్చినవారికి ట్రోఫీ, తక్కువ రోజుల్లో పూర్తిచేసినవారికి 5,000 పౌండ్లు. తొమ్మిది మంది బయల్దేరారు. జూన్ 14న బయల్దేరిన నాక్స్-జాన్‌స్టన్ దగ్గర ఉన్నది చిన్న, నెమ్మదైన పడవ. త్వరగా బయల్దేరడమే ఆయన ఎత్తుగడ. దానికి మూల్యం సెప్టెంబర్ మొదట్లో చెల్లించాడు. గుడ్ హోప్ కింద, చలికాలపు చివరి తుఫానుల్లో సుహైలీ ఒరిగిపోయింది, గది పైకప్పు కదిలింది, తొట్లలోని తాగునీరు పాడైంది. ఆ తర్వాత వాన నీళ్లు పట్టుకుంటూ సాగి, జనవరి 17న హార్న్ దాటి, 1969 ఏప్రిల్ 22న ఇంగ్లండ్‌లోని ఫాల్మత్ చేరాడు. ఆగస్టులో బయల్దేరిన మొయిటెస్సియే ఆయనను వేగంగా అందుకుంటూ ఫిబ్రవరి 5న హార్న్ దాటాడు గాని, ఇంటికి రావడం ఇష్టం లేక పోటీ వదిలేసి, గుడ్ హోప్‌ను రెండోసారి చుట్టి తాహితీకి వెళ్లిపోయాడు. కేప్‌టౌన్ దగ్గర ఒక నౌక మీదికి ఉండేలుతో చీటీ విసిరి ఆ సంగతి తెలియజేశాడు.

గడువు చివరి రోజైన అక్టోబర్ 31న బయల్దేరినవాడు డొనాల్డ్ క్రోహర్స్ట్. అతడి మూడు గుల్లల పడవ ఇంకా పూర్తిగా సిద్ధం కాలేదు. కొద్ది వారాల్లోనే, ఆ పడవతో దక్షిణ సముద్రంలోకి దిగితే బతికి బయటపడటం కష్టమని అతడికి అర్థమైంది. వెనక్కి తిరిగితే అప్పులూ పరువూ. ముందుకు వెళ్తే చావు. అతడు మూడో దారి పట్టాడు: అట్లాంటిక్‌లోనే తిరుగుతూ, ఒకసారి అర్జెంటీనా తీరంలో రహస్యంగా ఆగి మరమ్మతులు చేసుకుని, తాను ప్రపంచాన్ని చుట్టివస్తున్నట్టు తప్పుడు స్థానాలు పంపించాడు. ఆ అబద్ధం నిజమైన మరో ప్రయాణాన్ని ముంచింది. నిజంగానే హార్న్ దాటి వస్తున్న మరో పోటీదారు నైజెల్ టెట్లీ, వెనక నుంచి క్రోహర్స్ట్ తరుముకొస్తున్నాడని నమ్మి అప్పటికే దెబ్బతిన్న పడవను మరింత తోలాడు. 1969 మే 21న అజోర్స్ దీవుల దగ్గర అది మునిగింది, ఆయన ప్రాణాలతో బయటపడ్డాడు. ఇక వేగానికిచ్చే బహుమతి క్రోహర్స్ట్‌దే అవుతుంది, అతడి నౌకా దినచర్య పుస్తకాలను నిపుణులు పరిశీలిస్తారు. జూలై 10న అతడి పడవ సముద్రం మీద ఖాళీగా తేలుతూ కనిపించింది. పుస్తకాలు అందులోనే ఉన్నాయి, మనిషి లేడు. నాక్స్-జాన్‌స్టన్ తనకు వచ్చిన 5,000 పౌండ్లనూ ఆ కుటుంబానికి ఇచ్చేశాడు. ఈ కథను ఒక మనిషి మోసంగా చెప్పడం తేలిక. కానీ సిద్ధం కాని పడవను గడువు కోసం నీళ్లలోకి దింపిన క్షణం దగ్గరే అది మొదలైంది.

ఆ పోటీకి యాభై ఏళ్లు నిండిన సందర్భంగా 2018లో దాన్ని మళ్లీ నిర్వహించారు. జీపీఎస్ చూడకూడదు, సెక్స్‌టెంట్‌తో సూర్యుణ్ణీ నక్షత్రాలనూ కొలిచి దారి తెలుసుకోవాలి, పడవలు పాత నమూనావే కావాలి. జూలై 1న ఫ్రాన్స్ నుంచి బయల్దేరారు. సుహైలీ నమూనాలో గోవాలో కట్టిన తురీయలో అభిలాష్ టామీ మూడో స్థానంలో ఉండగా, సెప్టెంబర్ 21న దక్షిణ హిందూ మహాసముద్రంలో తుఫాను ఆ పడవను దొర్లించింది. తెరచాప కొయ్యలు విరిగాయి, ఆయన వెన్నుపూసలు దెబ్బతిన్నాయి. కదలలేని స్థితిలో పడుకుని పంపిన సందేశాలతో మూడు రోజుల తర్వాత ఒసిరిస్ అనే ఫ్రెంచి నౌక ఆయనను చేరుకుంది. సుహైలీ ఒరిగిపోయింది కూడా సెప్టెంబర్‌లోనే అన్నది గమనించాలి. ఆ పోటీ పూర్తిచేసినవారు ఐదుగురే. 2022లో నిర్వాహకులు బయల్దేరే తేదీని సెప్టెంబర్ 4కు జరిపారు. పడవలు దక్షిణ సముద్రంలోకి మరికొంత వేసవి దగ్గరలో దిగాలన్నది ఉద్దేశం. శస్త్రచికిత్స జరిగిన వెన్నుతో టామీ అందులో మళ్లీ పాల్గొన్నాడు. దారిలో గాలి రెక్క యంత్రాంగం పాడైతే పడవలోని టాయిలెట్ తలుపు చెక్కను కోసి దానికి అమర్చుకున్నాడు. 2023 ఏప్రిల్ 29న రెండో స్థానంలో నిలిచాడు. రెండు రోజుల ముందు చేరి గెలిచిన దక్షిణాఫ్రికా నావికురాలు కిర్‌స్టన్ నాయ్‌షేఫర్, దారిలో పడవ మునిగిన తోటి పోటీదారుణ్ణి కాపాడి మరీ గెలిచింది.

తూర్పు తీరపు మూసిన తలుపు

ఇంత లెక్క మన తీరానికి కొత్తదేమీ కాదు. రెండు కొయ్యల ఓడ బొమ్మతో శాతవాహనులు నాణేలు వేసిన కాలం నుంచీ బంగాళాఖాతంలో ఓడలు నైరుతి గాలితో తూర్పుకు, ఈశాన్య గాలితో తిరిగి పడమరకు నడిచాయి. గోదావరి ముఖద్వారంలోని కోరంగి పెద్ద ఓడల మరమ్మతులకు పేరుపడిన రేవు. కానీ అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా ఈ తీరం తలుపు మూసుకునేది, ఎందుకంటే తుఫాను వస్తే తలదాచుకోవడానికి సహజమైన లోతు రేవులు తక్కువ, మద్రాసు లాంటి చోట్ల ఓడలు తెరిచిన సముద్రంలోనే లంగరు వేసి ఉండేవి. 1746లో మద్రాసును పట్టుకున్న ఫ్రెంచి నౌకాధిపతి లా బూర్డొన్నే, ఊరిని ఏం చేయాలన్న దాని మీద పుదుచ్చేరి ఫ్రెంచి గవర్నర్ డూప్లేతో తగాదా పడుతూ అక్టోబర్ మధ్య దాకా అక్కడే ఉండిపోయాడు. శత్రువు నౌకలు చేయలేని పని ఒక్క రాత్రి తుఫాను చేసింది. ఆయన దళంలో పలు నౌకలు, వెయ్యికి పైగా మనుషులు పోయారు. కోరంగి రేవునైతే 1839 నవంబర్‌లో వచ్చిన ఉప్పెన కోలుకోలేని దెబ్బ తీసింది.

ఇప్పుడు తారిణి తేదీల దగ్గరకు రావచ్చు. అరేబియా సముద్రంలో జూన్ నుంచి నైరుతి గాలి సూటిగా గోవా తీరం మీదికి వీస్తుంది. సెప్టెంబర్‌లో గాని అది మెత్తబడదు. అప్పుడు బయల్దేరి, అక్టోబర్‌లో ఆస్ట్రేలియా రేవు ఫ్రీమాంటిల్, నవంబర్ చివర్లో న్యూజిలాండ్ రేవు లిటిల్టన్ చేరి, అక్కడి నుంచి పసిఫిక్ దాటితే జనవరి మూడో వారంలో హార్న్ వస్తుంది. సరిగ్గా నడివేసవి. తర్వాత ఫాక్‌ల్యాండ్స్, మార్చిలో కేప్‌టౌన్, అక్కడి నుంచి మళ్లీ నైరుతి గాలి మొదలయ్యేలోపు గోవా. చుక్కాని యంత్రాంగంలో లోపం వచ్చి ఏప్రిల్‌లో మారిషస్‌లో అనుకోకుండా ఆగాల్సి వచ్చినా మే 21కి చేరగలిగారంటే లెక్కలో కొన్ని వారాల వెసులుబాటు ముందే ఉంచుకున్నారన్నమాట. రెండు వైపులా రుతుపవనాలు, మధ్యలో హార్న్ వేసవి. ఈ మూడు మేకుల మధ్య సాగదీసిన తాడు ఆ 254 రోజులు.

వేగం పెరిగితే ఈ తాడు కొంత వదులవుతుంది. నీటి నుంచి పైకి లేచే రెక్కలు బిగించిన 60 అడుగుల పోటీ పడవలకు పొడవు పెట్టే పరిమితి వర్తించదు. భూమిని ఒంటరిగా, ఆగకుండా చుట్టే వాందే గ్లోబ్ పోటీని 2024-25లో షార్లీ దలాఁ 65 రోజులు నిండకుండానే ముగించాడు. అయినా ఆ పోటీ ఇప్పటికీ నవంబర్‌లోనే మొదలవుతుంది.

తారిణి రెండోసారి 2024 అక్టోబర్ 2న బయల్దేరింది. ఈసారి ఇద్దరే అధికారులు, దిల్నా, రూప. హార్న్‌ను ఫిబ్రవరి మధ్యలో దాటి, మే నెలాఖరులో గోవా చేరారు. పాత లెక్క ప్రకారం అది నైరుతికి కొద్ది రోజుల ముందు. కానీ 2025లో రుతుపవనాలు జూన్ 1 దాకా ఆగలేదు. మే 24నే కేరళను తాకి, 26కల్లా ముంబైని చేరాయి. చివరి మైళ్లను వాళ్లు వానాకాలంలోనే దాటారు.